పాడేరు, అరకు ఏజెన్సీకి ఆరో షెడ్యూల్ వస్తే ఏం మారుతుంది, ఏం మారదు

మీ సొంతూరు హుకుంపేట వైపని, విశాఖలో గది తీసుకుని గ్రూప్స్‌కు చదువుతున్నానని రాశారు. అడిగినవి మూడు. అస్సాంలోని బోడోలాండ్‌కు ఉన్నట్టు మన ఏజెన్సీకి స్వయంపాలక మండలి ఎందుకు లేదు? ఆరో షెడ్యూల్లో చేరిస్తే భూమి, టీచరు పోస్టులు మనవాళ్లకే దక్కుతాయా? "ఇలా ప్రాంతానికో పాలన ఇచ్చుకుంటూ పోతే దేశం ముక్కలైపోదా" అంటున్న మీ రూమ్మేట్‌కు ఏం చెప్పాలి?

ముందు సూటిగా జవాబు. మనది రాజ్యాంగంలోని ఐదో షెడ్యూల్ (గవర్నరు ద్వారా గిరిజన ప్రాంతాలకు రక్షణ) కిందకి వచ్చే ప్రాంతం కాబట్టి మండలి లేదు. ఆరో షెడ్యూల్‌కు (స్వయంపాలక మండళ్లు ఇచ్చేది ఇదే) మార్చడం చట్టప్రకారం సాధ్యమే, కానీ తేలిక కాదు. మార్చినంత మాత్రాన టీచరు పోస్టులు తిరిగిరావు. భూమి రక్షణ ఇప్పుడున్నదానికంటే బలపడుతుందన్న హామీ కూడా లేదు. పైగా చేతిలో ఉన్న ఒక పెద్ద హక్కు జారిపోయే ప్రమాదం ఉంది, దాని సంగతి కింద రాస్తాను. దేశం ముక్కలవడం గురించైతే, స్వయంపాలన ఇచ్చినందుకు కాదు, ఇచ్చిన మాట వెనక్కి తీసుకున్నప్పుడే ఎక్కువసార్లు గొడవ ముదిరింది.

"ఏజెన్సీ" అన్న మాట దగ్గరే మొదలుపెట్టాలి. గంజాం, విశాఖపట్నం జిల్లాల కొండ ప్రాంతాలను మామూలు కోర్టులు, మామూలు చట్టాల నుంచి వేరుచేస్తూ 1839లో 24వ నంబరు చట్టం వచ్చింది. అక్కడ కలెక్టరు గవర్నరు తరఫు ఏజెంటుగా పాలించాలన్నది దాని సారం. అప్పటి నుంచీ అది ఏజెన్సీ. ఇప్పటికీ భూమి కేసుల్లో కలెక్టరు హోదా "ఏజెంట్ టు గవర్నమెంట్" అనే రాస్తారు. అంటే ప్రత్యేక పాలన మనకు కొత్త కాదు. లేనిదల్లా ఆ పాలన మీద అక్కడివాళ్ల చేయి. ఐదో షెడ్యూల్‌లో ఈ లక్షణం అలాగే కొనసాగింది: రక్షణ ఉంది, అధికారం మాత్రం పైనే ఉంది.

ఐదో షెడ్యూల్‌లో అసలు తాళంచెవి 5వ పేరా. పార్లమెంటు చట్టమైనా, అసెంబ్లీ చట్టమైనా షెడ్యూల్డ్ ప్రాంతానికి వర్తించదనో, ఫలానా మార్పుతో వర్తిస్తుందనో గవర్నరు నోటిఫికేషన్ ఇవ్వొచ్చు. భూమి బదిలీని ఆపుతూ, వడ్డీ వ్యాపారాన్ని కట్టడి చేస్తూ రెగ్యులేషన్లు చెయ్యొచ్చు. వాటికి ముందు గిరిజన సలహా మండలిని సంప్రదించాలి, తర్వాత రాష్ట్రపతి ఆమోదం కావాలి. ఆ సలహా మండలిలో 20 మందికి మించి ఉండరు, నాలుగింట మూడు వంతులు గిరిజన ఎమ్మెల్యేలే. వినడానికి చాలా పెద్ద అధికారం. అయితే ఆచరణలో గవర్నరు నడిచేది మంత్రివర్గం సలహా మీద. కాబట్టి పాడేరు గురించి నిర్ణయం అమరావతిలో ఫైలు కదిలితేనే కదులుతుంది.

అయినా ఈ పేరా వల్లే మనకు 1/70 అనే భూమి బదిలీ నిషేధ చట్టం వచ్చింది. 1959 నాటి 1వ రెగ్యులేషన్‌ను 1970లో సవరించారు. దాని బలం తెలియక చాలామంది మోసపోతున్నారు కాబట్టి కాస్త ఆగి చెబుతాను. ఏజెన్సీలో భూమిని ఎవరైనా సరే, గిరిజనుడైనా గిరిజనేతరుడైనా, గిరిజనేతరుడికి బదిలీ చేస్తే చెల్లదు. బదిలీ అంటే అమ్మకం ఒక్కటే కాదు: తాకట్టు, లీజు, దానం, మార్పిడి, చివరికి ఆ భూమి మీద ఒప్పంద పత్రం కూడా. వీలునామా ఒక్కటే ఆ నిర్వచనం బయట ఉంది. గిరిజనేతరుడి అనుభవంలో భూమి ఉంటే, అది గిరిజనుడి నుంచి వచ్చిందనే చట్టం ముందుగా అనుకుంటుంది. కాదని రుజువు చేసుకోవాల్సింది అతనే. కొనే గిరిజనుడు దొరక్కపోతే భూమిని ప్రభుత్వానికి అప్పగించి పరిహారం తీసుకోవచ్చు. అరకులో "33 ఏళ్ల లీజు అగ్రిమెంటు, ఇబ్బందేం లేదు" అని రిసార్టు కోసం ఎవరైనా కాగితం చూపిస్తే, అది నోటరీ అయినా, స్టాంపు పేపరైనా ఒకటే: గిరిజనేతరుడి పేరున ఉంటే చెల్లదు. ఇంకో దారి బినామీ, అంటే గిరిజనుడి పేరున కొని పెట్టుబడి మరొకరు పెట్టడం. దీన్ని పట్టుకోవడం కష్టం. ఎందుకంటే ఫిర్యాదు చేయాల్సిన మనిషే పత్రంలో యజమాని.

1997 జూలై 11న సమత అనే స్వచ్ఛంద సంస్థ వేసిన కేసులో సుప్రీంకోర్టు దీన్ని ఇంకో మెట్టు ఎక్కించింది. అనంతగిరి మండలంలో బొర్రా చుట్టుపక్కల ఊళ్లలో మైనింగ్ లీజుల మీద వచ్చిన కేసది. ప్రభుత్వం కూడా ఆ చట్టం దృష్టిలో ఒక "వ్యక్తి"యే కాబట్టి ఏజెన్సీలోని ప్రభుత్వ భూమిని కూడా గిరిజనేతరులకు, ప్రైవేటు కంపెనీలకు లీజుకివ్వడం చెల్లదని మెజారిటీ తీర్పు. గమనించండి, ఆరో షెడ్యూల్ ప్రాంతాల్లో ఏ మండలీ తెచ్చుకోని రక్షణ ఇది. మన విశాఖ మన్యం నుంచి, ఐదో షెడ్యూల్ కిందే వచ్చింది.

ఇప్పుడు ఆరో షెడ్యూల్. అస్సాం, మేఘాలయ, త్రిపుర, మిజోరంలలో కలిపి 10 స్వయంపాలక మండళ్లున్నాయి. మామూలుగా 30 మంది సభ్యులు, అందులో నలుగురికి మించకుండా నామినేటెడ్. బోడోలాండ్‌కు మాత్రం 46 మంది: 40 ఎన్నిక, 6 నామినేషన్. ఈ మండళ్లు చట్టాలు చేస్తాయి, మనకూ వాళ్లకూ ఉన్న అసలు తేడా ఇదే. రిజర్వుడు అడవి కాని భూమి కేటాయింపు, పోడు, గ్రామ మండళ్లు, వారసత్వం, పెళ్లి, ఆచారాలు వాళ్ల పరిధి. గ్రామ న్యాయస్థానాలు పెట్టొచ్చు. సంతకు వచ్చే సరుకు మీద, బళ్ల మీద, వృత్తుల మీద పన్ను వెయ్యొచ్చు. ప్రాథమిక బడిలో ఏ భాషలో చెప్పాలో కూడా మండలే నిర్ణయిస్తుంది. ఈ చివరిది నాకు అన్నిటికంటే విలువైనదిగా కనిపిస్తుంది. ఇంట్లో కువి, ఆదివాసీ ఒడియా మాట్లాడే పిల్లవాడు ఒకటో తరగతిలో తెలుగు వాచకం ముందు బిత్తరపోయి కూర్చుంటాడు. ఆ వాచకం ఏ భాషలో ఉండాలో తేల్చే అధికారం ఇవాళ పాడేరులో ఎవరికీ లేదు.

కానీ లోపలికి వెళ్తే ఇబ్బందులూ కనిపిస్తాయి. మండలి చేసిన చట్టానికి గవర్నరు ఆమోదం కావాలి. 15వ పేరా కింద మండలి నిర్ణయాన్ని ఆయన నిలిపేయొచ్చు, 16వ పేరా కింద మండలినే రద్దుచేయొచ్చు. ఖనిజాల లీజు ఇచ్చేది మండలి కాదు, రాష్ట్రమే. మండలికి వచ్చేది రాయల్టీలో వాటా. కాబట్టి "ఆరో షెడ్యూల్ వస్తే బాక్సైట్ నిర్ణయం మనదే" అన్న మాట తప్పు. డబ్బు ఎక్కువగా రాష్ట్ర ప్రభుత్వం నుంచే రావాలి. సొంత పన్నులతో నడిచే స్థితి లేదు. దీన్ని సరిచేయడానికి 2019 ఫిబ్రవరిలో 125వ రాజ్యాంగ సవరణ బిల్లు రాజ్యసభలో పెట్టారు, అది చట్టం కాలేదు.

పోయేదేంటో కూడా చూడండి. పీసా చట్టం, అంటే 1996 నాటి పంచాయతీల విస్తరణ చట్టం, ఐదో షెడ్యూల్ ప్రాంతాలకు మాత్రమే వర్తిస్తుంది. ఆరో షెడ్యూల్‌కు మారితే గ్రామసభకు పీసా ఇచ్చిన హక్కులు వాటంతట అవే రావు. సర్పంచి పదవులన్నీ గిరిజనులకే అన్న నియమం కూడా పీసాదే. ఊరి చేతిలో ఉన్నది జిల్లా మండలి చేతికి వెళ్తుంది. మండలిలో ఏ తెగకు మెజారిటీ ఉంటుందన్నది మన దగ్గర చిన్న ప్రశ్న కాదు. భగతలు, వాల్మీకులు, కొండదొరలు ఒక పక్క, కొండశిఖరాల మీద ఉండే ఖోందులు, పోర్జాలు, గదబలు మరో పక్క. చదువులో, రాజకీయాల్లో వీళ్ల మధ్య తేడా ఎంతో మీకు నాకంటే బాగా తెలుసు. రాజ్యాంగం రాసినవాళ్లు దీన్ని ఊహించారు. ఒకే జిల్లాలో వేర్వేరు తెగలుంటే ఉప ప్రాంతాలుగా విడగొట్టి ప్రాంతీయ మండళ్లు పెట్టొచ్చని 1వ పేరాలోనే ఉంది. మిజోరంలో లాయ్, మారా, చక్మా మండళ్లు మూడూ అలా ఒక ప్రాంతీయ మండలి నుంచి విడివడినవే. ఆరో షెడ్యూల్ కోరే వినతిపత్రంలో ఈ ఏర్పాటు లేకపోతే, అమరావతి పెత్తనం పోయి పాడేరు పెత్తనం వచ్చిందని శిఖర గ్రామాలవాళ్లు అనుకునే రోజు వస్తుంది.

మార్చాలంటే దారి ఏంటి? ఆరో షెడ్యూల్ లోపలి పేరాలను పార్లమెంటు మామూలు మెజారిటీతో సవరించొచ్చు, 21వ పేరా ఆ వీలు ఇచ్చింది. అయితే నాలుగు రాష్ట్రాల పేర్లు 244వ అధికరణంలోనే ఉన్నాయి. అందులో ఆంధ్రప్రదేశ్ చేరాలంటే 368వ అధికరణం (రాజ్యాంగ సవరణ) కింద ప్రత్యేక మెజారిటీ కావాలి. సగం రాష్ట్రాల ఆమోదం అక్కర్లేదు. త్రిపురను 1984లో 49వ సవరణతో ఇలాగే చేర్చారు.

ఉద్యోగాల సంగతి. ఏజెన్సీ బడుల్లో టీచరు పోస్టులు నూరు శాతం స్థానిక గిరిజనులకే అన్న 2000 నాటి జీవో 3ను 2020 ఏప్రిల్ 22న సుప్రీంకోర్టు అయిదుగురు జడ్జీల ధర్మాసనం కొట్టేసింది. నూటికి నూరు రిజర్వేషన్ సమానత్వ హక్కుకు విరుద్ధమని, ఉద్యోగాల్లో స్థానికుల లెక్క తేల్చే 371డి అధికరణం కింద ఉన్న రాష్ట్రపతి ఉత్తర్వుకు కూడా పొసగదని చెప్పింది. అప్పటికే చేరినవాళ్ల ఉద్యోగాలు షరతులతో నిలబెట్టింది. ప్రాథమిక హక్కులు ఆరో షెడ్యూల్ ప్రాంతానికీ వర్తిస్తాయి కాబట్టి అక్కడికి మారినా ఇదే గోడ అడ్డొస్తుంది. నా అంచనాలో గట్టి దారి 371డి. 1973 ఆరుసూత్రాల పథకం నుంచి పుట్టిన ఆ అధికరణం కింద ఇచ్చే ఉత్తర్వు రాజ్యాంగంలోని మిగతా నిబంధనలు ఏమన్నా చెల్లుతుందని అందులోనే రాసుంది. ఆ ఉత్తర్వులో షెడ్యూల్డ్ ప్రాంతాన్ని విడి స్థానిక ప్రాంతంగా, టీచరు పోస్టులను దాని విడి క్యాడర్‌గా పెట్టించడం అడగాల్సిన కోరిక. "జీవో 3 పునరుద్ధరించండి" అని మాత్రమే రాస్తే, అలాంటి జీవో మళ్లీ ఇచ్చినా మళ్లీ కోర్టులో పడిపోతుంది.

ఇక మీ రూమ్మేట్ ప్రశ్న. ఫిన్లాండ్‌లో ఆలాండ్ దీవులున్నాయి, జనాభా సుమారు 30,000, భాష స్వీడిష్. 1921లో నానాజాతి సమితి వాటిని ఫిన్లాండ్‌కే ఉంచి, స్వయంపాలనకు హామీ ఇప్పించింది. అక్కడ భూమి కొనాలంటే స్థానిక నివాస హక్కు ఉండాలి. ఫిన్లాండ్ పౌరుడే అయినా బయటి నుంచి వచ్చినవాడికి అది అయిదేళ్లు నివసించి, స్వీడిష్ వస్తేనే దొరుకుతుంది. ఒకరకంగా వాళ్ల 1/70. నూరేళ్లు దాటింది, దీవులు విడిపోలేదు. ఇటలీలో జర్మన్ మాట్లాడే దక్షిణ టిరోల్‌లో 1960ల్లో బాంబులు పేలాయి. 1972లో రెండో స్వయంపాలన చట్టం తెచ్చి, ప్రభుత్వోద్యోగాలు భాషా జనాభా నిష్పత్తిలో పంచి, ఉద్యోగికి రెండు భాషలూ రావాలన్నారు. అక్కడ వసూలయ్యే పన్నులో సింహభాగం అక్కడే ఉంటుంది. 1992లో ఆస్ట్రియా, ఇటలీ వివాదం ముగిసిందని ఐక్యరాజ్యసమితికి చెప్పాయి.

కాటలోనియా దీనికి ఎదురు ఉదాహరణ. 2006లో స్పెయిన్ పార్లమెంటు ఆమోదించి, అక్కడి ప్రజలు ఓటేసి ఒప్పుకున్న స్వయంపాలన చట్టంలోని కొన్ని భాగాలను 2010 జూన్‌లో రాజ్యాంగ న్యాయస్థానం కొట్టేసింది. అప్పటిదాకా అంచున ఉన్న స్వాతంత్ర్యం డిమాండు ఆ తర్వాత ఊపందుకుని 2017 అక్టోబరు 1 ఓటింగు దాకా వెళ్లింది. ఆ నెలలోనే స్పెయిన్ రాజ్యాంగం 155వ అధికరణం కింద కేంద్రం పాలన చేతిలోకి తీసుకుంది. పన్నుల డబ్బు మీద కోపం కూడా అందులో ఉంది: బాస్క్ ప్రాంతం తన పన్ను తానే వసూలుచేసుకుని కేంద్రానికి వాటా కడుతుంది, కాటలోనియాకు ఆ ఏర్పాటు లేదు.

అంత దూరం ఎందుకు, మన ఇంట్లోదే చెప్పండి. 1956 ఫిబ్రవరిలో పెద్దమనుషుల ఒప్పందం తెలంగాణకు ఉద్యోగాలు, ప్రాంతీయ మండలి, మిగులు నిధులు అన్నీ రాసిచ్చింది. అవి సరిగా అమలుకాక 1969లో తెలంగాణలో ఒక ఉద్యమం వచ్చింది. స్థానికులకే ఉద్యోగాలన్న ముల్కీ నిబంధనలను సుప్రీంకోర్టు సమర్థించాక 1972లో మన వైపు జై ఆంధ్ర వచ్చింది. చివరికి 2014 జూన్ 2న రాష్ట్రం విడిపోయింది. తెలంగాణ వాళ్ల ఫిర్యాదు రక్షణలు ఇచ్చారని కాదు, ఇచ్చినవి నిలబెట్టుకోలేదని.

మరి ఏం అడగాలి? పీసా చట్టంలోనే 4(ఓ) అనే ఖండం ఉంది: షెడ్యూల్డ్ ప్రాంతాల్లో జిల్లా స్థాయి పంచాయతీ ఏర్పాట్లు చేసేటప్పుడు రాష్ట్ర శాసనసభ ఆరో షెడ్యూల్ నమూనాను అనుసరించడానికి ప్రయత్నించాలని. దీనికి రాజ్యాంగ సవరణ అక్కర్లేదు, ఢిల్లీకి పోనక్కర్లేదు. 2022 ఏప్రిల్ 4న పాడేరు కేంద్రంగా అల్లూరి సీతారామరాజు జిల్లా వచ్చాక జిల్లా సరిహద్దు అన్న అడ్డు కూడా చాలావరకు తొలగింది. ప్రాథమిక విద్య భాష, సంతలు, పోడు, ఐటీడీఏ (సమీకృత గిరిజనాభివృద్ధి సంస్థ) నిధులు ఎన్నికైన జిల్లా మండలి కిందకి తెస్తూ, గ్రామసభ హక్కులు యథాతథంగా ఉంచుతూ ఒక రాష్ట్ర చట్టం చేయమనడం నా దృష్టిలో ఆరో షెడ్యూల్ కన్నా ముందు అడగాల్సింది.

ఈలోపు గ్రామసభ. కొండ అవతల ఒడిశాలోని నియమగిరిలో జరిగింది గుర్తుంచుకోండి. అదీ ఐదో షెడ్యూల్ ప్రాంతమే. 2013 ఏప్రిల్‌లో సుప్రీంకోర్టు నిర్ణయం గ్రామసభలకే వదిలితే, 12 ఊళ్లూ వరసగా బాక్సైట్ తవ్వకం వద్దన్నాయి. అక్కడ గనికి కేంద్రం అనుమతి నిరాకరించింది.

మన దగ్గర తీర్మానాలు నిలవకపోవడానికి కారణాలు దాదాపు ఒకేలా ఉంటాయి. సభ ఊళ్లో కాకుండా మండల కేంద్రంలో పెడతారు. ముందు ఖాళీ పుస్తకంలో సంతకాలు, వేలిముద్రలు తీసుకుని విషయం తర్వాత రాస్తారు. తెలుగులో గబగబా చదివేస్తారు, కువిలో ఎవరూ చెప్పరు. అన్నిటికంటే పెద్ద తప్పు, చట్టం పేరు తప్పుగా రాయడం. భూసేకరణకు పీసాలో ఉన్నది "సంప్రదింపు" మాత్రమే. 2013 భూసేకరణ చట్టం 41వ సెక్షనులో "ముందస్తు సమ్మతి" ఉంది. కాబట్టి భూమి తీసుకోవడం మీద తీర్మానమైతే 41వ సెక్షను రాయాలి. లేటరైట్, కాల్సైట్ 2015 ఫిబ్రవరి నుంచి చిన్నతరహా ఖనిజాలు, వాటి లీజుకు పీసా కింద గ్రామసభ లేదా తగిన స్థాయి పంచాయతీ సిఫారసు ముందుగా ఉండాలి. బాక్సైట్ పెద్ద ఖనిజం, దానికి ఆ క్లాజు పనికిరాదు. అక్కడ సమత తీర్పు, 2006 అటవీ హక్కుల చట్టం పట్టుకోవాలి.

మీ ఊరి పీసా కమిటీ ఉపాధ్యక్షుడు, కార్యదర్శి ఎవరో ముందు కనుక్కోండి. ఆ పేర్లు చెప్పలేని ఊళ్లో సభ జరిగిందన్న కాగితం ఎక్కడైనా కనిపిస్తే అనుమానించాల్సిందే. తీర్మానంలో పంచాయతీ పేరుతో పాటు ఊరి పేరు, తేదీ, సభ జరిగిన చోటు, వచ్చినవాళ్లలో ఆడవాళ్లు ఎందరు, మగవాళ్లు ఎందరు, ఏ భాషలో వివరించారు, ఏ చట్టం ఏ సెక్షను, అన్నీ రాసి, కింద గీత కొట్టి, ఖాళీ వదలకుండా ఆ వెంటనే సంతకాలు పెట్టించాలి. అక్కడికక్కడే ఫోనుతో ప్రతి పేజీ ఫొటో తీసి, ఒక నకలు ఐటీడీఏ పీవో (ప్రాజెక్టు అధికారి) కార్యాలయంలో, ఒకటి సబ్ కలెక్టర్ కార్యాలయంలో ఇచ్చి, మూడో నకలు మీద స్వీకరించినట్టు ముద్ర, తేదీ వేయించుకుని ఊళ్లోనే దాచండి.